ముత్యాలప్ప మొగలి జడ

డెబ్భై ఎనిమిదిలో మొగలి పొదలు ఆషాఢం మొదట్లోనే పొత్తులు వేశాయి. వానలు ముందొచ్చాయి, పువ్వూ ముందొచ్చింది, దాని వెనకే మా అప్పకి (మా వైపు అక్కని అప్ప అంటాం) సంబంధమూ వచ్చింది.

బరంపురం దిగువన మార్కండి అనే ఊరికి ఇవతల, సముద్రం హోరు వినపడేటంత దూరంలో మాకు ఎకరంన్నర ఇసక నేల ఉండేది. వరి వేస్తే నీరు నిలవదు, చోడి వేస్తే గాలి ఉంచదు. గట్ల మీద మా తాత నాటిన మొగలి పొదలు మాత్రం ఎవరి దయా అక్కర్లేకుండా పెరిగాయి. తెల్లారగట్ల పొత్తులు కోసి, ఎండెక్కకముందే అత్తరు బట్టీకి చేర్చాలి. ఎండ తగిలిందా, వాసన సగం ఎగిరిపోతుంది, బట్టీవాడు మొహం తిప్పుకుంటాడు.

మొగలిలో మగ చెట్టే పూస్తుంది. ఆడ చెట్టు కాయ కాస్తుంది గానీ ఆ కాయని ఎవరూ కొనరు. ఈ సంగతి పట్టుకుని బట్టీ దగ్గర ఎవరో మా అయ్య పైడన్నని, నీకు చూస్తే ఇద్దరూ ఆడపిల్లలే కదా అని ఆటపట్టించబోయారట. అయ్య తలమీద బుట్ట దించకుండానే, "సెట్లల్లో మగోడు పూస్తాడు, నా ఇంట్లో ఆడోళ్ళు పూస్తారు. నీకేటి కడుపుమంట?" అన్నాడట.

అప్పటికి రెండేళ్ళ కిందట అయ్య కుడి భుజం పట్టేసింది. చెయ్యి చెవి దాటి పైకి లేవదు. పొత్తి ఉండేదేమో ఎక్కడో ఆకుల నడుమ, మనిషికి రెండు నిలువుల ఎత్తున. కొడవలి కట్టిన దోటి ఎత్తి, ముళ్ళ ఆకులు తప్పించి, కాడ దగ్గర ఒక్క కోత కొయ్యాలి. ఆ పని మా అప్ప ముత్యాలు చేతికి వచ్చింది. నేను బరంపురంలో మేనత్త ఇంట్లో ఉండి బి.ఏ. చదువుతూ, సెలవులకి వచ్చి బుట్టలు సర్దేదాన్ని. దోటి ఎత్తితే నా చేతులు వణికేవి. నాకు చేతనైంది ఒక్కటే, జడ. టెక్కలిలో మా అమ్మమ్మ పెళ్ళికూతుళ్ళకి మొగలి జడలు వేసేది. పదేళ్ళప్పటి నుంచీ ఆవిడ పక్కన కూర్చుని నేర్చుకున్నాను.

సంబంధం తెచ్చినవాడు తవిటయ్య, చికిటి సంతకి పశువులు తోలుకెళ్ళే మనిషి. పెళ్ళికొడుకు సూర్యారావు చికిటి బడిలో లెక్కల మేష్టారు. చిన్నప్పుడే తల్లీ తండ్రీ పోతే తాత భీమేశ్వరరావు, మామ్మ కాసులమ్మ పెంచారు. కులం ఒకటే. వాళ్ళు విభూతి వాళ్ళు, మేం నామాల వాళ్ళం. మాలో అలాంటి పెళ్ళిళ్ళు మామూలే.

అప్ప అంతకుముందు ఇద్దర్ని వద్దంది. ఎందుకని అడిగితే చెప్పేది కాదు. సూర్యారావు చూడ్డానికి వచ్చిన రోజు, వెంట వచ్చినవాళ్ళు వంటా కుట్టూ గురించి అడుగుతుంటే, అతను చూరులో దోపిన దోటి వైపు చూసి, "అది ఎంత బరువుంటాది?" అన్నాడు. అప్ప లేచి వెళ్ళి దాన్ని దించి అతని చేతిలో పెట్టింది. అతను ఒంటిచేత్తో ఎత్తబోయి, కొడవలి పక్కకి వాలిపోతుంటే గబుక్కున రెండో చెయ్యి కూడా వేశాడు. అందరూ నవ్వారు. అతనూ నవ్వాడు.

ఆ సాయంత్రం గిన్నెలు తోముతూ అప్ప, "ఈ గుంటడైతే పరవానేదు" అంది. మా అప్ప నోట అంత పెద్ద మాట నేను అంతకుముందు వినలేదు.

ఆషాఢం చివర లగ్నపత్రిక ఇచ్చి రావడానికి తవిటయ్యతో పాటు నన్నూ చికిటి పంపారు. అయ్య ఆ పొద్దుటి కోతలో అన్నిటికన్నా పెద్ద పొత్తి ఏరి, తడిగుడ్డలో చుట్టి నా చేతికిచ్చాడు. "పెద్దోళ్ళకియ్యి. మన తోటదని సెప్పు" అన్నాడు.

కాసులమ్మ మామ్మ బక్కపల్చటి మనిషి. నుదుటి మీద విభూతి, నోట్లో తమలపాకు. గుమ్మంలో నా చేతినుంచి పొత్తి అందుకుని, గుడ్డ విప్పి, ఒక్క క్షణం ముక్కు దగ్గర పెట్టుకుంది. వెంటనే ఇంట్లోకి ఒకసారి తొంగి చూసి, చరచరా పెరట్లోకి నడిచి, పశువుల సాలలో దూలం మీద దాన్ని పెట్టేసి వచ్చింది.

"మా పెద్దాయన పూజలో ఉన్నాడు. సూస్తే బాగోదు. ఈ పువ్వు మా గుమ్మం దాటకూడదమ్మా."

"ఏం మామ్మా?"

"సదువుకున్నదానివి, తెలీదేటి? బ్రెమ్మదేవుడు నేను శివుడి తల సూసీసేనని కోతలు కోసినాడు. ఔనౌను, నేనూ సూసేనని అబద్ధం సాక్ష్యం సెప్పింది ఈ పువ్వే. ఐతే ఇంక నా పూజకి పనికిరావు పొమ్మని శివుడు శపించీసినాడు." చెయ్యి కడుక్కుంటూ, "మీ అయ్య ఏటీ అనుకోడు కదా?" అంది.

అనుకోడన్నాను. ఏప్రిల్లోనే తర్కశాస్త్రం పేపరు రాసొచ్చినదాన్ని. పువ్వు సాక్ష్యం చెప్పడమేమిటి, దానికి శిక్షేమిటి అని లోపల నవ్వుకున్నాను. కానీ బస్సులో ఇంటికి తిరిగొస్తుంటే నవ్వు తగ్గిపోయింది. అయ్య వీధిలోనే ఎదురొచ్చాడు.

"పువ్వు పుచ్చుకున్నారా?"

"పుచ్చుకున్నారు."

"ఏటన్నారు?"

"మంచి వాసనన్నారు."

నాతో వచ్చిన తవిటయ్య చికిటిలో వీధి అరుగు మీదే కూర్చుని ఉండిపోయాడు కాబట్టి అతనికి ఈ సంగతేమీ తెలీదు. అయ్యకి నిజం చెబితే ఆ సంబంధం ఆ పూటే తెగిపోతుంది. గిన్నెల దగ్గర అప్ప అన్న మాట నా చెవిలో ఉంది. పెళ్ళయ్యాక ఎవరి పువ్వు ఎవరి గుమ్మం దాటితే ఏమిటిలే అనుకున్నాను.

శ్రావణం రెండో వారంలో పెళ్ళి. జడకి బరంపురం నుంచి సన్నజాజులు తెప్పిద్దామని ఒకసారి అని చూశాను. అయ్య నన్ను ఎగాదిగా చూశాడు. "మొగలి తోటలో పుట్టిన గుంటకి కొన్న పూలా? నీకు బరంపురం నీళ్ళు బాగానే వంటబట్టినాయే" అన్నాడు. చికిటి వాళ్ళు చూస్తే చూస్తారు, మొహమాటానికి ఊరుకుంటారు అని సరిపెట్టుకున్నాను.

పెళ్ళి పొద్దున్న పొత్తులు కూడా అప్పే కోసింది. పసుపు చీర మోకాళ్ళదాకా ఎగ్గట్టి, కాళ్ళ పారాణి ఇసకకి అంటుకుంటుంటే, ఇరవై రెండు పొత్తులు దించింది. అమ్మ లబోదిబోమంది. "మరెవులు కోస్తారే?" అని అప్ప దోటి కడిగి చూరులో పెట్టి, వచ్చి నా ముందు పీట మీద కూర్చుంది.

మూడు గంటలు పట్టింది జడకి. రేకుల అంచు ముళ్ళు గోటితో చీల్చి తీసేశాను, రేకు వెనక ఈనె మీది ముళ్ళూ లాగేశాను, తడిగుడ్డలో ఉంచి మెత్తబరిచాను. రేకుల్ని సన్నగా చీల్చి, చిన్న చిన్న పడవల్లా మడిచి, పాయకో వరస చొప్పున జుట్టుతో కలిపి అల్లాను. పైన కట్టిన జడ కాదది. జుట్టు మొత్తం విప్పితే తప్ప ఊడని జడ. మా అమ్మమ్మ పనితనం అదే. నడుం దాటి దిగిన ఆ లేత పసుపు జడ చూసి మా వీధి ఆడవాళ్ళ నోళ్ళు ఊరుకుంటాయా!

"పెళ్ళికొడుకు తాళి మెళ్ళో కట్టడే, ఈ జడకే కట్టీస్తాడు."

"ఈ వాసనకి పాములు రావేటే?"

"ఒక పాము తొమ్మిదింటి బస్సుకి చికిటి నుంచి వస్తంది కదా!"

అప్ప నవ్వు ఆపుకోలేక ఊగిపోతుంటే నా చేతిలో పాయ జారిపోయింది. తలమీద ఒక మొట్టికాయ వేశాను.

మగపెళ్ళివారు సన్నటి వానలో దిగారు. అందరికన్నా ముందు భీమేశ్వరరావు తాత నడుస్తున్నాడు. ఎనభై దాటిన మనిషి, నిటారుగా. ఆయన గుండెకి హత్తుకుని ఒక ఇత్తడి సంపుటం. దాని మీద తన కండువా కప్పి తెస్తున్నాడు, తను తడుస్తున్నా సరే. అందులో ఉన్నది వాళ్ళ ఇంటి శివలింగం అని, తాళి కట్టేముందు పెళ్ళికూతురు దానికి తల వంచి మొక్కాలని, ఆ మొక్కు అయ్యాకే వాళ్ళింట్లో కోడలౌతుందని అప్పుడు చెప్పాడు తవిటయ్య. మావాళ్ళందరికీ వింటూ ఉంటే బాగానే ఉంది. నేనొక్కదాన్నే లోపల కూర్చున్న అప్ప జడ వైపు తిరిగి చూశాను.

చెప్పడానికి నాకు ఇంకా అరగంట ఉంది. చెప్పలేదు.

లగ్నం పన్నెండుకి పది నిమిషాలుందనగా. పదిన్నరకి అప్పని పందిట్లోకి తెచ్చారు. తాత పీట మీద పట్టుగుడ్డ పరిచి, సంపుటం పెట్టి, మూత సగం తెరిచాడు. అప్ప ఎదురుగా మోకాళ్ళ మీద కూర్చుంది. జడ భుజం మీదుగా ముందుకి జారింది. వానగాలికి ఆ వాసన పందిరంతా ఒక్కసారి కమ్మేసింది.

తాత మూత మూసేశాడు.

సన్నాయి వాయించేవాడు అది చూసి ఊపిరి తీసుకోవడానికన్నట్టు ఆగాడు. మరి మొదలుపెట్టలేదు.

"తల్లీ, ఆ జడ మొగలి రేకులదా?" అని అడిగాడు తాత. గొంతులో కోపం లేదు. అందుకే నాకు ఇంకా భయం వేసింది.

"ఔను తాతయ్యా."

"అయ్యో" అన్నాడాయన, కాలు మీద ఎవరో తొక్కినట్టు. అయ్య వైపు తిరిగాడు. "పైడన్నా, ఆ పువ్వు తల మీదుంటే మా సామికి మొక్కకూడదు. జడ మార్పించు నాయనా. వేళ ఉంది."

"ఏటీ?"

తాత చెప్పాడు. కాసులమ్మ మామ్మ నాకు నాలుగు ముక్కల్లో చెప్పిన కథే, ఆయన శ్లోకంతో సహా చెప్పాడు. అయ్య మొహం ఎర్రబడుతూ వచ్చింది.

"దేవుడి కాలంలో ఏ పువ్వో ఏదో అన్నాదని నా సెట్లకి శిచ్చ ఏస్తారేటి? మీ సామి పాముని మెళ్ళో ఏసుకుంటాడు. బూడిద రాసుకుంటాడు. ఇసం తాగుతాడు. నా పువ్వు మాత్రం పనికిరాదేటి?"

పందిట్లో ఎవరో కిసుక్కుమన్నారు. తాత నవ్వలేదు. "ఆయన్నే అడుగు నాయనా. నేను కాపలా మనిషిని. మా తాత నాకేటి సెప్పినాడో అదే సేస్తన్నాను" అన్నాడు.

"ఆ పువ్వు నా పిల్లలకి కూడెట్టింది. దాన్ని అబద్ధాలకోరంటే, దాని కూడు తిని పెరిగిన నా గుంటేటి మరి? మాకొద్దు ఈ సంబంధం. పీటలు తీసీండి!" అని కండువా భుజానికి విసురుకుని అయ్య ఇంట్లోకి వెళ్ళిపోయాడు. తవిటయ్య రెండు వైపులకీ చేతులు జోడిస్తూ పందిరి మధ్యలో నిలబడిపోయాడు. సూర్యారావు లేచి రెండడుగులు వేసి, మా అప్ప చెయ్యెత్తి ఉండమన్నట్టు చూస్తే, ఆగిపోయాడు.

అప్ప లేచి అయ్య వెనకే వెళ్ళింది. నేనూ, అమ్మా వెళ్ళాం. వెనకగదిలో వడ్లబస్తా మీద అయ్య గోడ వైపు తిరిగి కూర్చున్నాడు. అప్ప అయ్యని చూడలేదు. నన్ను చూసింది.

"అసిరీ, నీకు ముందే తెలుసు."

నా మొహంలో ఏం కనపడిందో ఏమో. "తెలుసు" అన్నాను. "చికిటిలో పొత్తి ఇంట్లోకి తీసుకెళ్ళలేదు. పశువులసాలలో పెట్టారు. చెబితే అయ్య పెళ్ళి ఆపేస్తాడని చెప్పలేదు."

అయ్య గోడ మీంచి చూపు తిప్పాడు. "మంచి వాసనన్నారని సెప్పినావు?"

నేను తల దించుకున్నాను. డిగ్రీ చదువుతున్నదాన్ని, అయ్య ఎదుట అలా నిలబడ్డం అదే మొదలు. అయ్య కొట్టినా బాగుండేది.

"దాన్ని తరవాత తిడుదువు గానీ" అంది అప్ప. "అయ్యా, నాకీ పెళ్ళి కావాలి."

మా ఇంట్లో ఆడపిల్ల అలా అనడం ఎవరూ వినలేదు. అమ్మ నోటికి చెంగు అడ్డం పెట్టుకుంది.

"నీ పువ్వుని అన్నారని నాకు మాత్రం రోషం నేదేటి? కోసినదాన్ని నేను. కానీ జడ పెద్ద సంగతి కాదు అయ్యా, జడ ఇప్పీస్తాను. నాకు వేరే బెంగుంది. అది తేలితేనే పీట మీద కూకుంటాను." గుమ్మం వైపు చూసి, "మామ్మా, లోపలికి రండి" అంది.

కాసులమ్మ మామ్మ ఎప్పటి నుంచి తలుపు చాటున ఉందో. లోపలికొచ్చింది.

"మామ్మా, ఏటా మొగలి కాలంలో మా అయ్యకి దోటి పట్టడానికి నేను రావాలి. ఆయన సెయ్యి లెగదు. వచ్చి నాలుగు రోజులు పొత్తులు కోసి ఎల్తే నా సీరలో, సేతుల్లో, జుట్టులో ఈ వాసనే ఉంటాది. ఎంత తోమినా పోదు. అలగ మీ గుమ్మం ముందు నిలబడితే నన్ను లోపలికి రానిస్తారా, నేకపోతే మీ పశువులసాలలో పెడతారా? ఆ మాట ఇప్పుడే సెప్పండి. తాళి పడ్డాక సెప్పకండి."

"అది నేను సెప్పే మాట కాదమ్మా. అడిగొస్తాను" అని మామ్మ పందిట్లోకి వెళ్ళింది.

మేం నలుగురం ఆ గదిలో వడ్ల వాసనలో, మొగలి వాసనలో ఎదురుచూస్తున్నాం. పందిట్లో ఎవరెవరో మాట్లాడుతున్నారు. సూర్యారావు గొంతు ఒకసారి పైకి లేచి వినపడింది: "ఆవిడ్ని రానీకపోతే, నేనే వెళ్ళి దోటి పడతాను తాతా."

మామ్మ తిరిగొచ్చింది. "పువ్వు గుమ్మం దాటకూడదట. మనిషి దాటొచ్చట. పెరటి నూతి దగ్గర తలంటుకుని లోపలికి రమ్మన్నాడు."

"అంటే నా పిల్ల మైలా?" అన్నాడు అయ్య.

అప్ప కింద కూర్చుని, జడ ముందుకి లాక్కుని, కుచ్చులు విప్పడం మొదలెట్టింది. "ఉండవే, నీకు అందదు" అని మామ్మ ఆమె వెనక చతికిలబడింది. నేను ముందుకెళితే, "నువ్వు తప్పుకో, ఇది మా ఇంటోళ్ళ పని. మేం ఇప్పమన్నాం, మేమే ఇప్పుకోవాలి" అంది.

అంత తేలిగ్గా విప్పే జడ కాదు. నేను ముళ్ళు తీసినా ఎక్కడో ఒకటి మిగిలింది. మామ్మ వేలికి గుచ్చుకుంది. "ఓలమ్మ!" అని వేలు నోట్లో పెట్టుకుని, మళ్ళీ విప్పసాగింది. ఒక్కో రేకూ చిరక్కుండా తీసి, తన ఒళ్ళో పరిచిన చెంగులో వేసుకుంటోంది. నేల మీద పడకుండా చూసుకుంటోంది. పడ్డ ఒక్కదాన్నీ ఏరి ఊదింది. అయ్య అది చూస్తున్నాడు.

జడ సగం విప్పాక, తనని ఎవరూ చూడట్లేదనుకుందేమో, మామ్మ రెండు లేత రేకులు మడిచి బొడ్లో దోపుకుంది. తలెత్తేసరికి ఎదురుగా మా అయ్య. పట్టుబడ్డ దొంగలా ఒక్క క్షణం చూసి, గొంతు తగ్గించి, "సామికి వద్దన్నారు గానీ నా సీరల పెట్టికి వద్దన్నారేటి? పెళ్ళికి ముందు మా పుట్టింట్లో పెట్టుకునీదాన్ని. ఆయనతో అనకు నాయనా" అంది.

అయ్య లేచి, వంకర తిరిగిన కండువా సర్దుకుని, పందిట్లోకి నడిచాడు. "ఏట్రా, సన్నాయి ఆపీసినారు? పెళ్ళనుకున్నారా, ఇంకేటనుకున్నారా?" అని అరిచిన అరుపు మాకు వెనకగదిలోకి వినపడింది.

అప్పటికి పదకొండు దాటింది. నూతి గట్టు మీద అప్పని కూర్చోబెట్టి కుంకుడు రసంతో రెండుసార్లు తల రుద్దాను. పైనుంచి వాన, నూతిలోంచి చేద. మూడు గంటల జడ, పావుగంటలో నురగలో కలిసిపోయింది. నాకు ఏడుపొచ్చిందో, కుంకుడు రసం కళ్ళలో పడిందో చెప్పలేను. "ఏడవకే, నీ సేతులెక్కడికీ పోనేదు" అంది అప్ప, కళ్ళు మూసుకునే.

తడి జుట్టు జడకి లొంగదు. తుడిచినకొద్దీ నీరు కారుతోంది. ఇంక కొప్పే గతి. మా వైపు పెళ్ళికూతురికి కొప్పు కట్టడం లేదు, కొప్పంటే నడివయసు ఆడవాళ్ళ సింగారం. జుట్టు మొత్తం రెండు చేతుల్లోకి తీసుకుని, పిండి, మెలిపెట్టి, ఎడమ చెవి పైన కాస్త పక్కకి వాల్చి ముడేశాను. పూలకి ఏం చెయ్యాలి? ఇంట్లో మొగలి తప్ప మరో పువ్వు లేదు. అమ్మ వానలో పక్కింటికి పరిగెత్తి నందివర్ధనాలు చెంగునిండా కోసుకొచ్చింది. వాటిని గుచ్చి కొప్పు చుట్టూ తిప్పాను. పచ్చటి మెడ మీద తెల్లటి పూలు. పొద్దుటి జడ అందం వేరు. దీని అందం ఇంకోలా ఉంది, నాకే ఆశ్చర్యమేసింది.

"ఇదేటే, నలుగురు పిల్లల తల్లిలాగుంది!" అందొకావిడ.

"ఐతే బేగి కానీండి, ఆ నలుగురికీ ఆకలేస్తంది" అంది అప్ప. పొద్దున్న ఆగిపోయిన నవ్వులు మళ్ళీ మొదలయ్యాయి.

కానీ వాసన పోలేదు. తలంటి, తుడిచి, సాంబ్రాణి పట్టినా, కొప్పు దగ్గరికి వంగితే సన్నగా అదే వాసన. తాత సంపుటం మీద చెయ్యి పెట్టి మామ్మని అడిగాడు.

"వాసన పోయిందా?"

మామ్మ అప్ప తల దగ్గరికి వంగి, గట్టిగా ఊపిరి పీల్చి, "నాకు రొంప పట్టింది. నాకేటీ తెలీడంనేదు" అంది.

తాత ఆవిడ వైపు చాలాసేపు చూశాడు. అరవై ఏళ్ళ కాపురంలో ఆ రొంప ఎప్పుడెప్పుడు పట్టిందో ఆయనకే తెలియాలి. తరవాత మూత తెరిచాడు. అప్ప తల వంచింది. పదకొండు యాభైకి తాళి పడింది.

అప్పగింతలప్పుడు అయ్యా, తాతా ఒకరి చేతులొకరు పట్టుకున్నారు గానీ ఇద్దరూ మాట్లాడుకోలేదు. బస్సు కదిలాక అయ్య నాతో, "నువ్వు మాత్రం ఇంకోసారి నాకు అబద్ధం సెప్పకు" అన్నాడు. అంతే అన్నాడు. మరో నెలదాకా నేను ఆయన కళ్ళలోకి సరిగ్గా చూడలేదు.

వినాయక చవితి వెళ్ళాక సూర్యారావే అప్పని తీసుకొచ్చి దిగబెట్టాడు. పొత్తులు విరగబూసే రోజులు. అప్ప నాలుగు పొద్దులు కోసింది. మొదటి పొద్దు సూర్యారావు కూడా దోటి పట్టి, రెండు పొత్తులు దించి, మోచేతుల నిండా గీరుకుపోయి, బడికి వేళైందని బస్సెక్కాడు. ఆ గీతలు చూసి అయ్య రోజంతా సంతోషంగా ఉన్నాడు.

ఐదోనాడు అప్పని చికిటిలో దింపే పని నాది. ఉదయం బస్సు దారిలో చెడిపోయింది. బరంపురంలో ఇంకోటి పట్టుకుని చికిటి చేరేసరికి ఒంటిగంట. అప్పుడు గుర్తొచ్చింది, ఆ రోజు సోమవారం అని. సోమవారం పూజ అయ్యేదాకా భీమేశ్వరరావు తాత మంచినీళ్ళు కూడా ముట్టడు. పూజ ఎప్పుడో అయిపోయి ఉంటుంది, వాసన వేసుకుని ఏ వేళకి తగలడ్డారని అంటారో ఏమో, ఇచ్చిన మాట మీద ఉంటారో లేదో. అప్ప మాట్లాడట్లేదు. బస్సు దిగాక ఒకసారి తన చేతులు వాసన చూసుకుని, చెంగుతో తుడుచుకుంది.

వీధి గుమ్మం వైపు వెళ్ళకుండా పక్కసందులోంచి పెరట్లోకి తిరిగాం.

నూతి పక్కన మూడు రాళ్ళ కొత్త పొయ్యి. దాని మీద పెద్ద గంగాళం. చుట్టూ తాటాకు దడి, దాని మీద ఆరేసిన పొడి చీర. పొయ్యి ముందు గొంతుక్కూర్చుని, కళ్ళ వెంట నీళ్ళు కారుతుంటే ఊదుగొట్టంతో మంట ఊదుతున్నాడు భీమేశ్వరరావు తాత. ఒంటిమీద మడిబట్ట, నుదుటిమీద ఇంకా ఆరని విభూతి. దేవుడి గదిలోంచి గంట మోగిన జాడే లేదు.

"ఎండెక్కిపోయింది, ఇంకా పూజ అవలేదా తాతయ్యా?" అంది అప్ప.

"ఇంటి కోడలు రాకుండా అవుతాదేటి?" ఆయన మోకాళ్ళ మీద చేతులాన్చి మెల్లిగా లేచాడు. మా వైపు గాలి వీచింది కాబోలు, ముక్కు కాస్త చిట్లించి రెండడుగులు వెనక్కి వేశాడు. "ఎల్లు, ఎల్లు. నీళ్ళు మూడుసార్లు కాగి సల్లారినాయి. సాలకపోతే ఇంకో రెండు బిందెలు పోస్తాను. బేగి కానీ తల్లీ, ఆకలికి కళ్ళు తిరుగుతున్నాయి."

అప్ప దడి వెనక్కి వెళ్ళింది. చెంబుతో నీళ్ళు పోసుకుంటున్న చప్పుడు. తాత మళ్ళీ కూర్చుని పొయ్యిలోకి ఒక పుల్ల తోశాడు.

"మళ్ళీ ఎప్పుడెల్తావమ్మా మీ అయ్య దగ్గరికి?" అని దడి వైపు కేకేశాడు.

"ఆదివారం తాతయ్యా. వానలు నిలిచీదాకా పూస్తానే ఉంటాయి."

"ఐతే తిరిగి ఏ రోజుకొస్తావో, ఏ బస్సుకొస్తావో ముందే సెప్పి ఎల్లు" అన్నాడు తాత. "తడి కట్టెలు బేగి అంటుకోవు."